రేకుల మీద చెప్పు

కొలువులో చేరిన మొదటివారం
నా ఎడమ చెప్పు ఇంటికప్పు మీద దొరికింది.
దొరికింది అంటే, కనిపించింది.
బ్యాలరాట్‌లో జూలై వాన. రేకుల మీద అది
బోర్లాపడిన పడవలా ఉంది.
నిచ్చెన ఎక్కడానికి అనుమతిపత్రం కావాలన్నారు.
ఒంటి మేజోడు తడుపుకుంటూ బస్సెక్కాను.

విసిరింది మెర్విన్. యాభై ఎనిమిదేళ్ళు.
నలభై మాటలు వచ్చు, అందులో పదకొండు
రైలుస్టేషన్ల పేర్లు.
ఆరో ఏట పెద్ద గోడల ఆసుపత్రిలో వదిలారట,
ముప్పై ఒకటో ఏట ఈ నాలుగు గదుల ఇంటికి తెచ్చారట.
అతని ఫైలు నా తలగడంత లావు.
మేధో వైకల్యం, ఒక పేజీ.
ఆందోళన రుగ్మత, ఇంకో పేజీ.
మిగతాదంతా చెప్పుల లెక్క.

పట్టికకి మూడు గళ్ళు.
ముందేం జరిగింది. ఏం చేశాడు. తర్వాతేమైంది.
నడిమి గడి నిండుగా ఉంటుంది, అందరి చేతిరాతల్లో:
విసిరాడు. విసిరాడు. రెండూ విసిరాడు. కొత్త బూట్లు!
చివరి గడిలో: ఒక నక్షత్రం కోత. శనివారం రైలు చూడటం రద్దు.
మొదటి గడిలో మాత్రం ఏడేళ్ళుగా
ఒకరిది చూసి ఒకరు ఎత్తిరాసినట్టు
'ఏమీ లేదు.'

ప్రవర్తనా చికిత్స చూసే ఫిలిప్పా
నెలకోసారి మెల్‌బోర్న్ నుంచి వస్తుంది.
ఏమీ లేదని రాయకు హైమా, అంది,
నాకింకా కనబడలేదు అని రాయి.

అప్పట్నుంచి చూశాను.
టీ కాచి, మాత్రలిచ్చి, గడ్డం గీసి,
ఆ సందుల్లోంచి చూశాను.
మూడున్నరకి మా డ్యూటీ మారుతుంది.
మూడుంపావుకి మెర్విన్ బూట్ల అర దగ్గరికి వస్తాడు.
చెబితే గొడవ చేస్తాడని ఎవరో ఎప్పుడో అన్నారట,
అందుకని చెప్పకుండా జారుకోవడం మా ఇంటి ఆచారం.
ఎంతమంది అలా జారుకున్నారో అతని బతుకులోంచి.
మొదట వాళ్ళమ్మ.

మా భాషలో కాలికి తొడిగేదీ చెప్పే,
నోరు విప్పమని అడిగేదీ చెప్పే.
ఫిలిప్పాకి ఇది ఇంగ్లీషులో వివరించబోయి మానేశాను.
మొదటి గడిలో రాశాను:
'చెప్పలేదు.'

గోడకి పలక బిగించాం. మా అందరి ముఖాలు, వారాల పేర్లు.
నా ముఖం పీకి గురువారం కింద అంటించి
'వెళ్ళొస్తా' అంటాను, తెలుగులోనే.
వెళ్తా అంటే చిన్నప్పుడు మొట్టికాయ పడేది.
మెర్విన్ 'హై' అంటాడు.
నా పేరులో అతని నోటికి పట్టేది అంతే.

ఆగస్టులో పదకొండు చెప్పులు. సెప్టెంబరులో ఆరు.
అక్టోబరులో ఒక్కటి, గ్రెగ్‌ది,
ఫోన్లో మాట్లాడుతూ చెప్పడం మరిచాడు, తప్పు అతనిదే.
నవంబరులో సున్నా.
ఫిలిప్పా గ్రాఫులో గీత కొండ దిగే మేకలా దిగింది.
అందరం కేకు తిన్నాం.
మెర్విన్ మాత్రం పలక ముందు నిలబడి
ఒక్కో ముఖాన్నీ బొటనవేలితో నొక్కుతున్నాడు,
ఊడిపోతుందేమోనని.
గ్రాఫులో ఆ వేలు లేదు.

డిసెంబరులో నా ఒప్పందం ముగిసింది.
నా ముఖం చేతిలో పట్టుకుని నిలబడ్డాను,
ఏ వారం కింద అంటించను?
వెళ్ళొస్తా అంటే అబద్ధం.
వెళ్తా అనడానికి నోరు రాదు.
చివరికి ఫిలిప్పా నేర్పిన పొట్టి వాక్యాల్లో చెప్పాను.
హైమ వెళ్తుంది. మళ్ళీ రాదు. మెర్విన్ తప్పేం లేదు.
మూడుసార్లు చెప్పాను.
నా ముఖం లాక్కుని చొక్కా జేబులో పెట్టుకున్నాడు.
వంగి, ఎడమ చెప్పు అందుకున్నాడు.
అడ్డుపడబోయిన గ్రెగ్‌ని నేనే ఆపాను.

భలే చెయ్యి అతనిది. గురి తప్పదు.

పట్టిక అడిగి తీసుకున్నాను.
మొదటి గడిలో: 'చెప్పాను.'
నడిమి గడిలో: 'విసిరాడు.'
చివరి గడిలో: 'ఏమీ లేదు. శనివారం రైలు ఉంది.'

ఎండకి తారు మెత్తబడింది.
బస్టాపు దాకా ఒంటి చెప్పుతో గెంతుకుంటూ వెళ్ళాను.